రిప్రీవ్‌కు నేను చెప్పిన అర్థం

3 జూలై 1961, సోమవారం

బడి తెరిచారు. సెలవుల్లో అటకెక్కించిన ఈ పుస్తకాన్ని నేనూ మళ్ళీ దించాను. రోజుకొక ఇంగ్లీషు మాట, దాని ఉచ్చారణ, దాని అర్థం. ట్రైనింగ్ కాలేజీ నాటి అలవాటు ఇది. ఇంకెవరూ చదవరు గనుక మిగతా సంగతులు కూడా ఇందులోనే రాసుకుంటాను.

నేటి మాట: అరై. అర్థం: వంకర పోయిన, అడ్డం తిరిగిన. ఎ, డబ్ల్యూ, ఆర్, వై అన్న స్పెల్లింగు చూసి సగం మంది బీయేలు దీన్ని ఆరీ అంటారు. ఇరవై రెండేళ్ళు వచ్చేదాకా నేనూ ఆరీ అన్నవాణ్ణే. ఆ సంగతి ఈ పుస్తకానికి తప్ప ఎవరికీ తెలియదు.

నిన్న గుడిలో నెల్లూరు నుంచి వచ్చిన ప్రసంగీకుడు ఇంగ్లీషు బైబిలు చదువుతూ విక్చువల్స్ అన్నాడు. విటిల్స్ అనాలి. భోజన పదార్థాలు అని అర్థం. ఆరాధన అయ్యాక ఆయన్ని పక్కకు పిలిచి మర్యాదగానే చెప్పాను. మొహం మాడ్చుకున్నాడు. ఎలిశబెతు ఇంటికి వచ్చేదాకా నాతో మాట్లాడలేదు. వచ్చాక, "ఆయన వాక్యం చెప్పను వచ్చినాడు గానీ మీకాడ పరీక్ష రాయను వచ్చినాడా?" అంది. నా భార్యకు నా ఇంగ్లీషు సవతి లాంటిది. పద్నాలుగేళ్ళుగా వాళ్ళిద్దరికీ పడదు.

ఆగస్టు నెలాఖరులో ఇన్‌స్పెక్టరు వస్తాడట. హెడ్మాస్టరు గారు వచ్చే ఏడు రిటైరవుతారు. ఈ రెండు వాక్యాలనూ పక్కపక్కన రాసి ఊరుకుంటున్నాను.

6 జూలై, గురువారం

ఈ రోజు ఒక ప్రాణం నిలిచింది. ఆ కబురు ఆ తల్లికి నా నోటితో చెప్పాను.

మాలకొండమ్మ ఆరేళ్ళుగా మా ఇంటికి సరస్సు రొయ్యలు తెచ్చి పోస్తుంది. మొగుడు లేడు. ఒక్కడే కొడుకు పెంచలయ్య. రెండేళ్ళ కిందట బకింగాం కాలవ దగ్గర వలల విషయంలో తగాదా వచ్చి, పడవ గెడతో ఒకణ్ణి కొట్టాడు. దెబ్బ తలకు తగిలి మనిషి పోయాడు. నెల్లూరు కోర్టులో ఉరిశిక్ష వేశారు, హైకోర్టు ఖాయం చేసింది. ఇప్పుడు గోదావరి అవతల జైల్లో ఉన్నాడు. ఏప్రిల్‌లో ఆమె వచ్చి ఏడిస్తే ప్రాణభిక్ష అర్జీ నేనే రాశాను. మంచి అర్జీ. జవాబు నా పేరనే రావాలని బడి చిరునామా ఇచ్చాను.

ఆ జవాబు ఈ పూట విరామంలో వచ్చింది. పోస్టుమాన్ హజరత్తయ్య దారిలోనే ఆమెకు చెప్పినట్టున్నాడు, రొయ్యల గంప నెత్తిన పెట్టుకునే అతని వెనకాల వచ్చేసింది. వరండాలో అందరూ ఉన్నారు. హెడ్మాస్టరు గారు, తెలుగు పండితుడు పద్మనాభయ్య, డ్రిల్లు మాస్టరు.

"చదవండి అయ్యోరా, నా బిడ్డను బతికిస్తారంటనా?" అంది. గంప దించడం కూడా మరిచిపోయింది.

మూడు వరుసల ఉత్తరం. మొదటి వరుసలోనే ఒక మాట దగ్గర నా చూపు ఆగింది. ఆ మాట నేను ఎన్నడూ చూడలేదు. దాని తర్వాత గ్రాంటెడ్ అని ఉంది. ఇచ్చారు అని. ఏమిచ్చారో ఆ మాటలో ఉంది.

పద్మనాభయ్య సకిలించాడు. "ఏమండీ క్రీస్తురాజు గారూ, బండి ఆగిందే? తమరికీ రాని మాట ఒకటి దొరల సీమలో పుట్టినాదా?"

నాకు చెమట పట్టింది. అంతలోనే వెలుగు కనిపించింది. డిప్రైవ్ అనే మాట ఉంది. లాక్కోవడం అని అర్థం. అయితే ఇది రిప్రైవ్. లాక్కున్నది తిరిగి ఇవ్వడం. ఇంత తేలిక మాటకు ఇంత చెమటా!

"రిప్రైవ్," అని గట్టిగా పలికాను. "పండితులు గారు వినాలి. డిప్రైవ్ అంటే హరించడం. రిప్రైవ్ అంటే హరించినదాన్ని మళ్ళీ ప్రసాదించడం. మాలకొండమ్మా, నీ బిడ్డ ప్రాణం తిరిగి ఇచ్చారు."

ఆమె గంపతో సహా నా కాళ్ళ మీద పడింది. వరండా నిండా రొయ్యలు. హెడ్మాస్టరు గారు కూడా కళ్ళు తుడుచుకున్నారు. "ఇంటికెప్పుడొస్తాడు సామీ?" అని అడిగింది. "కాగితాలు రావాలి. కొన్నాళ్ళు జైల్లో ఉండాల్సి రావచ్చు. ప్రాణానికి భయం లేదు," అన్నాను. పెండింగ్ ఆర్డర్స్ అని చివర్లో ఉంది. ఉత్తర్వులు రావలసి ఉన్నవి. అది ఆఫీసుల మామూలు భాష.

నా చదువు ఒకరికి ఇంత మేలు చేసిన రోజు ఇంతకుముందు లేదు. దేవునికి స్తోత్రం.

7 జూలై

పొద్దున్నే మాలకొండమ్మ గంపెడు రొయ్యలు తెచ్చి ఇంట్లో కుమ్మరించి పోయింది. వద్దన్నా వినలేదు. మధ్యాహ్నం బజారులో ముక్కూ మొహం తెలియనివాళ్ళు నమస్కారం పెట్టారు.

రాత్రి నా చిన్న డిక్షనరీలో వెతికాను. రిప్రైవ్ లేదు. చిన్న డిక్షనరీలో అన్నీ ఉండవు.

12 జూలై, బుధవారం

హెడ్మాస్టరు గారి గదిలో అద్దాల బీరువా ఉంది. పెద్ద డిక్షనరీ అందులో ఉంటుంది. తాళం అడిగి తీసుకున్నాను. వేరే మాట కోసమే తీశాను.

నేటి మాట: రిప్రీవ్. రిప్రైవ్ కాదు. డిప్రైవ్‌లో లేని అక్షరం ఒకటి మధ్యలో అదనంగా ఉంది. ఆ రోజు దాన్ని చూడలేదు. దానికీ దీనికీ చుట్టరికం కూడా లేదు.

అర్థం ఒకటి: ఉరిశిక్ష అమలును కొంతకాలం ఆపడం.
రెండు: అలా ఆపిన గడువు.

మూడో అర్థం లేదు. పేజీ కింది దాకా చూశాను. వెనక పేజీ కూడా చూశాను.

అంటే అర్జీ మీద ఏదో ఒక సంగతి తేలేదాకా ఉరి వాయిదా వేశారు. అంతే. ఇంకేమీ ఇవ్వలేదు.

రేపు ఆమెకు చెప్పాలి.

13 జూలై

రేపు చెప్తాను.

14 జూలై

ఆలోచించాను. అర్జీ ఇంకా పైవాళ్ళ దగ్గరే ఉంది. రేపో మాపో క్షమించామని ఉత్తర్వు వస్తే, నేను చెప్పిందే నిజమవుతుంది. కొంచెం ముందుగా చెప్పినవాణ్ణి అవుతాను. ఈ లోపల ఆ తల్లిని మళ్ళీ ఎందుకు ఏడిపించడం? నాకు నామోషీ అని కాదు. ఆమె కోసమే అంటున్నాను.

అర్జీ మంచి అర్జీ. నేను రాసినవాటిలోకెల్లా మంచిది.

20 జూలై

నేటి మాట లేదు.

25 జూలై, మంగళవారం

మాలకొండమ్మ మా పెరట్లో కూర్చుని ఎలిశబెతుతో మాట్లాడుతుంటే లోపలి నుంచి విన్నాను.

"పోయి కొడుకును చూసి రాకూడదా?" అని ఎలిశబెతు అడిగింది.

"మొక్కుండాది గదమ్మా. నా బిడ్డ ప్రాణం నిలిస్తే మాలకొండకొచ్చి తలనీలాలిస్తానని మొక్కినా. శ్రావణమాసం రానీ. శనివారం గదా ఆ సామి తలుపు తీసేది. మొక్కు తీర్చినాకనే వాని మొగం చూస్తా."

లోపలే కూర్చున్నాను. బయటికి రాలేదు. వాళ్ళ దేవుడి మొక్కు మధ్యలోకి క్రైస్తవుణ్ణి నేనెందుకు పోవాలి అనుకున్నాను. అది సాకు అని రాసేటప్పుడు తెలుస్తూనే ఉంది.

ప్రభువా, నా మాట నిజం చెయ్యి. నిన్ను ఇంకేమీ అడగను.

28 జూలై

నేటి మాట: జెయిల్. అవును, జెయిలే. పాత ఇంగ్లీషు కాగితాల్లో దీన్ని జి, ఎ, ఓ, ఎల్ అని రాస్తారు. పలకడం మాత్రం జెయిల్ అనే. చూసి గోల్ అని చదివేవాళ్ళున్నారు. ఆ ఉత్తరం తలకట్టులో అలాగే ఉంది. దాన్ని మాత్రం సరిగ్గా చదివాను.

9 ఆగస్టు, బుధవారం

పదో తరగతి వ్యాసాలు దిద్దాను. దొంగను ఉరి తీశారు అనడానికి ఒకడు హంగ్ అని రాశాడు. ఎర్ర సిరాతో కొట్టేసి, బోర్డు మీద రాసి క్లాసుకంతా చెప్పాను. గోడకు బొమ్మను తగిలిస్తే హంగ్. మనిషినైతే హ్యాంగ్డ్. ఈ తేడా తెలిసినవాళ్ళు తక్కువ. ఆ మాటను నేనే గబగబా తుడిచేశాను.

15 ఆగస్టు

జెండా ఎగరేశాం. ఇంగ్లీషు ప్రసంగం నాదే. చప్పట్లు కొట్టారు. జనంలో మాలకొండమ్మ కూడా ఉంది. ఒక్క ముక్క అర్థం కాకపోయినా అందరికన్నా ఎక్కువసేపు కొట్టింది.

24 ఆగస్టు, గురువారం

రెండో ఉత్తరం వచ్చింది.

ఈసారి వరండాలో ఎవరూ లేరు. హజరత్తయ్య నా చేతికిచ్చి, "వొదిలేస్తారంటనా సార్ పెంచలయ్యను?" అన్నాడు. "చూడాలి," అన్నాను.

ఇందులో తెలియని మాట ఒక్కటి లేదు. చిన్నపిల్లలు కూడా చదవగలరు. అర్జీ తోసిపుచ్చారు. సెప్టెంబరు 4, సోమవారం తెల్లవారుజామున శిక్ష అమలు చేస్తారు. చూడదలచిన బంధువులు ముందురోజు, ఆదివారం లోపల రావచ్చు.

ఇంకా పదిరోజులుంది. పదిరోజులంటే తక్కువేమీ కాదు.

ఉత్తరం ఇంటికి తెచ్చి బల్ల సొరుగులో పెట్టాను.

25 ఆగస్టు

నేటి మాట: మిస్‌లెడ్. దారి తప్పించబడిన. దీన్ని మైజిల్డ్ అని చదివే పెద్దవాళ్ళను చూశాను. కలిపి చదివితే అలాగే కనిపిస్తుంది. రెండు ముక్కలు చేసి చదవాలి.

సాయంత్రం వాళ్ళ పల్లె దాకా నడిచాను. మాలకొండమ్మ గుడిసె కప్పుకు కొత్త తాటాకు వేయిస్తోంది. కొడుకు వచ్చేసరికి వాన కారకూడదట. "ఏంది అయ్యోరా ఇట్టొచ్చినారు?" అని మంచం వాల్చింది. ఊరికే వచ్చానన్నాను. మజ్జిగ తాగి వచ్చేశాను.

27 ఆగస్టు, ఆదివారం

సోమవారం చెప్తాను. బుధవారం ఇన్‌స్పెక్టరు వస్తున్నాడు. సోమవారం కుదరకపోతే బుధవారం సాయంత్రం. గురువారం బయల్దేరినా శుక్రవారానికి చేరుకుంటాం. లెక్క సరిపోతుంది.

29 ఆగస్టు, మంగళవారం

ఆమే వచ్చింది. శుక్రవారం పొద్దున బయల్దేరి మాలకొండకు పోతుందట. ఈ శనివారమే తలనీలాలు. ఏ రైలెక్కాలో, ఎక్కడ దిగాలో చెప్పమంది.

దేవుడు నోటిదాకా తెచ్చి పెట్టిన సమయం అది. ఎదురుగా నిలబడి ఉంది. ఇంట్లో ఎవరూ లేరు.

"సూళ్లూరుపేటలో పాసింజరెక్కు. సింగరాయకొండలో దిగు. అక్కణ్ణుంచి కందుకూరు బస్సు," అన్నాను. మరిచిపోతానంటే తెలుగులో పెద్ద అక్షరాలతో చీటీ రాసిచ్చాను. ఎవరికి చూపించినా చెప్తారు.

అదే రైలు గోదావరి దాటితే ఆమె కొడుకున్న ఊరు.

నేను మంచివాణ్ణి కాను. ఇంగ్లీషులో దీనికి ఇరవై మాటలున్నాయి. అన్నిటి ఉచ్చారణా నాకు వచ్చు.

30 ఆగస్టు

ఇన్‌స్పెక్టరు వచ్చి వెళ్ళాడు. ఇంత శుద్ధమైన ఉచ్చారణ జిల్లాలో వినలేదని రిజిస్టరులో రాశాడు.

ఈ సాయంత్రం చెప్పాలి అనుకున్నది చెప్పలేదు.

1 సెప్టెంబరు, శుక్రవారం

రైలు పెట్టెలో కూర్చుని రాస్తున్నాను. అక్షరాలు ఊగుతున్నాయి.

పొద్దున బడికి పోతూ సొరుగు తాళం వేయడం మరిచాను. మధ్యాహ్నం అన్నానికి వస్తే ఎలిశబెతు ఉత్తరం ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది. ఆమెకు ఇంగ్లీషు రాదు. జైలు ముద్ర మాత్రం తెలుసు, మొదటి ఉత్తరం మీద చూసింది.

"ఇదేంది?" అంది.

చెప్పాను. మొదటి ఉత్తరం సంగతి కూడా చెప్పాను. రెండు నెలల్లో మొట్టమొదటిసారి పైకి అన్నాను. అంటే ఎంత చిన్న సంగతి! నాలుగు వాక్యాలు పట్టింది.

ఆమె కేకలు వేయలేదు. "ఆ పొద్దున వరండాలో, నాకు తెలీదు, చూసి చెప్తానంటే మీ సొమ్మేం పోయుండేది?" అంది.

"అందరూ ఉన్నారు," అన్నాను.

"ఈ వారం రోజులు ఎవరున్నారు?"

మాలకొండమ్మ పొద్దుటి రైలుకే వెళ్ళిపోయింది. ఎలిశబెతు సంచిలో నా పంచె ఒకటి, తువ్వాలు ఒకటి పెట్టి చేతికిచ్చింది. "కొండ కాడ పట్టుకోండి. ఆడనే చెప్పండి. చెప్పి వాని దగ్గరికి తీసకపోండి. ఆమె బిడ్డను ఆమె కడుపారా ఏడ్చి సాగనంపుకోవాల. అది గూడా లేకుండా చెయ్యబాకండి," అంది. ప్రార్థన చేయమని అడిగాను. "ముందు పోండి," అంది.

2 సెప్టెంబరు, శనివారం

కొండ కింద మధ్యాహ్నం దాకా నిలబడ్డాను. శ్రావణ శనివారం కదా, ఇసుక వేస్తే రాలని జనం. పైకి ఎక్కలేదు.

దిగి వస్తున్నవాళ్ళలో ఆమెను చూసి మొదట గుర్తు పట్టలేదు. నున్నటి గుండు, గుండు మీద చందనం. పది సంవత్సరాలు చిన్నదానిలా ఉంది. నన్ను చూసి నోరు తెరిచింది.

"అయ్యోరా! మీరు గూడా మా సామికి మొక్కుకున్నారా?" అని పకపకా నవ్వింది. "అమ్మగారికి తెలిస్తే గుళ్ళోకి రానిస్తాదా మిమ్మల్ని?"

ఎలిశబెతు ఏం చెప్పమందో అదే చెప్పడానికి నోరు తెరిచాను. "పెంచలయ్యను చూడ్డానికి పిలిచారు. రేపే. నాతో రా," అన్నాను. అంతవరకే వచ్చింది.

ఆమె కొండవైపు తిరిగి చేతులు జోడించింది. "మొక్కు తీరిందో లేదో పిలుపొచ్చినాది. చూసినారా మా సామి!" అంది.

సాయంత్రం సింగరాయకొండలో రైలెక్కాం. పులిహోర ప్రసాదం ఆకులో కట్టి, కొడుకు కోసమని ఒళ్ళో పెట్టుకుంది. తనకు ఆకలేస్తున్నా విప్పలేదు. స్టేషను వచ్చినప్పుడల్లా, ఇది దాటాక చెప్తాను అనుకుంటున్నాను. పొద్దున్నే ఊరు వచ్చేస్తుంది.

3 సెప్టెంబరు, ఆదివారం

రైల్లో చెప్పలేదు. స్టేషనులో చెప్పలేదు. జైలు గేటు దగ్గర వార్డరు నన్ను పక్కకు లాగి, "ఆ ముసల్దానికి తెలుసా?" అని అడిగాడు. తెలుసు అన్నట్టు తలూపాను. ఎందుకు ఊపానో ఆ దేవుడికే తెలియాలి.

ఊచల అవతల పెంచలయ్య. ముప్పై ఏళ్ళుంటాయి. చిక్కాడు. తల్లి గుండు చూసి ఊచలు పట్టుకున్నాడు.

"ఎవురు పొయినారు మా?"

"నీ నోట్లో మన్నుబడ! ఎవురూ పోలేదు రా నాయనా," అని నవ్వింది. "నీ ప్రాణం నిలిచినందుకు మాలకొండకు పొయి మొక్కు తీర్చుకోనొచ్చినా. ఇంగ నీకేం భయం లేదంట. అయ్యోరే చదివి చెప్పినాడు."

రేపటి సంగతి జైలువాళ్ళు వాడికి ముందే చెప్పి ఉంటారు. వాడు నావైపు చూశాడు. చదువు రాని వాడు. నా మొహం మాత్రం ఒక్క చూపులో చదివేశాడు. నేను నేల చూశాను.

చెప్తాడు, వాడే చెప్తాడు, నేను తప్పించుకున్నాను అనుకున్నాను. ఇది రాస్తుంటే నా మీద నాకే అసహ్యం వేస్తోంది. అయినా అనుకున్నాను.

వాడు నవ్వాడు. "గుండు నున్నంగా ఉండాది మా. అచ్చం చిన్నాయన గుండు మాదిరి," అన్నాడు.

ఆమె నవ్వీ నవ్వీ కళ్ళు తుడుచుకుంది. తర్వాత ఇద్దరూ ఇంటి సంగతుల్లో పడ్డారు. కప్పు కొత్తగా వేయించానని చెప్పింది. మేక ఈనిందని చెప్పింది. ఎన్ని పిల్లలని అడిగాడు. రెండంటే, ఒకటి అమ్మొద్దు, ఉంచు అన్నాడు. ప్రసాదం ఊచల్లోంచి పెడితే చేత్తో తీసుకోకుండా నోరు తెరిచాడు. ఆమె తినిపించింది.

"నువ్వొచ్చినాక పెళ్ళి చేస్తా. పిల్లను చూస్తుండా," అంది.

"చూడు మా. నల్లంగా ఉన్నా పర్లేదు. నోరు మంచిదైతే చాలు. నీ నోటికి తోడు ఇంగో నోరంటే నావల్ల గాదు."

ఆమె మళ్ళీ నవ్వింది. ఆ నవ్వు అక్కడి గోడలకు కొట్టుకుని తిరిగి వచ్చింది. అవతల నిలబడిన వార్డరు మొహం తిప్పుకున్నాడు. వాళ్ళింకా మాట్లాడుతుండగానే బయటికి వచ్చేశాను.

ఆమె పావుగంట తర్వాత వచ్చింది. మెట్ల మీద కూర్చోబెట్టి అప్పుడు చెప్పాను. అంతా చెప్పాను. మొదటి ఉత్తరంలో ఉన్నదేమిటో, నేను చెప్పిందేమిటో. రెండో ఉత్తరం ఎనిమిది రోజులు నా సొరుగులో ఉన్న సంగతి. రేపు తెల్లవారుజామున ఏం చేస్తారో.

ఆమె విన్నది.

"వానికి తెలుసునా?"

"తెలుసు."

"తెలిసే నవ్వినాడా?"

"అవును."

"అయితే ఆడ నవ్వింది నేనొక్కదాన్నేనా, అయ్యోరా," అంది.

తర్వాత లేచి గేటు దగ్గరికి పరుగెత్తింది. మళ్ళీ ఒక్కసారి చూపించమని రెండు చేతులతో ఇనుప తలుపు కొట్టింది. వార్డరు వచ్చి, ఒకసారే చూడనిస్తారని, టైమైపోయిందని చెప్పాడు. మంచివాడు. ఏడుస్తూనే చెప్పాడు. "నేను ఏడవలేదు నాయనా, వాని ముందర ఏడవనే లేదు, ఒక్కపారి పోనీ," అని అతని కాళ్ళు పట్టుకుంది. అతనికి అది అర్థమై ఉండదు. నాకు అర్థమయింది.

ఆ గేటు ముందే కూర్చుంది. నేను రోడ్డవతల కూర్చున్నాను. దగ్గరికి పోవడానికి మొహం చెల్లలేదు.

4 సెప్టెంబరు, సోమవారం

అయిపోయింది.

తెల్లవారాక లోపలికి పిలిచి చూపించారు. సొంత ఊరికి తీసుకుపోవడం మావల్ల కాదంటే, ఊరి బయట మట్టి చేయడానికి నలుగురిని ఇచ్చారు. మాలకొండమ్మ ఒక్క కేక కూడా పెట్టలేదు. వాడి మొహం చేత్తో తడుముతూ కూర్చుంది. మన్ను మాత్రం అందరికన్నా ముందు తనే వేసింది. నన్ను చేయి వేయనివ్వలేదు.

తిరిగి వచ్చేటప్పుడు గట్టు మీద నా ముందు నడుస్తోంది. ఉన్నట్టుండి ఆగింది. నిన్నటి నుంచి మొదటిసారి నావైపు తిరిగింది.

"నిన్న టైమైందని వాళ్ళు పిలిస్తే వాడు నాతో ఏందో అన్నాడు. నేను ఆ మేకపిల్ల మాటకు నవ్వుతా ఉన్నా, సరింగా ఇనుకోలా. మళ్ళీ ఎటూ వస్తాడు గదా అనుకొన్నా. ఏమన్నాడయ్యా?"

నేను అప్పటికే బయటికి వచ్చేశానని ఆమెకు గుర్తు లేదు.

ఏదో ఒకటి చెప్పవచ్చు. జాగ్రత్త మా అన్నాడనో, పోయొస్తా మా అన్నాడనో చెప్పవచ్చు. నమ్ముతుంది. బతికినంత కాలం ఆ మాట పట్టుకుని ఉంటుంది. నోటి దాకా వచ్చింది కూడా.

"నాకు తెలియదు మాలకొండమ్మా," అన్నాను.

నా మొహంలోకి అలాగే చూస్తూ నిలబడింది. ఇంకేమైనా అంటానేమోనని కాబోలు. తర్వాత చెంగు గుండు మీదికి లాక్కుని స్టేషను వైపు నడిచింది.